ఖాళీయేనా?

అమ్మ పోయిన రోజు ఆదివారం. ముందు రోజంతా కురిసిన వాన తెల్లవారేసరికి వెలిసింది. నేను ముందు గదిలో కిటికీ పక్కన కూర్చుని ఏడో తరగతి పరీక్ష పేపర్లు దిద్దుతున్నాను. మొత్తం నలభై ఆరు. ముప్ఫై ఒకటోది చేతిలో ఉంది. మధ్య గదిలో చెల్లెలు ప్రతి ఆదివారంలాగే తుపాకీ ముందేసుకుని కూర్చుంది. దాని కూతురు పక్కింట్లో ఆడుకుంటోంది. అమ్మ మేడమీద తడిబట్టలు ఆరేస్తోందని మేమిద్దరం అనుకుంటున్నాం.

"అక్కా, ఖాళీయేనా?" అంది చెల్లెలు లోపలినుంచి.

"ఆఁ, ఖాళీయే," అన్నాను పేపరు మీదనుంచి తల ఎత్తకుండా.

తర్వాత చప్పుడు వినిపించింది. అప్పుడు పదకొండు గంటల ఇరవై నిమిషాలయింది. నేను గడియారం చూడలేదు. పోలీసు స్టేషన్లో కాగితం మీద అలా రాశారు.

ఆ తుపాకీ మా నాన్నది. జంట గొట్టాలది, పాతది. నాన్న బ్యాంకు దగ్గర గార్డు. గార్డులను పెట్టే కంపెనీకి ఉత్త మనిషి అక్కర్లేదు, సొంత తుపాకీ, సొంత లైసెన్సు ఉన్న మనిషి కావాలి. అందుకని నాన్న పొద్దున్నే దాన్ని భుజాన వేసుకుని వెళ్ళేవాడు, సాయంత్రం దాన్ని వెంటబెట్టుకుని వచ్చేవాడు. అమ్మ దాన్ని "నా సవతి" అనేది. "మీ నాన్న దాన్ని ముట్టుకోని రోజు లేదు. నన్ను పలకరించని రోజులు బోలెడు," అనేది. అంటూనే కుట్టుమిషన్ నూనె నాలుగు చుక్కలు గుడ్డ మీద వేసి, గొట్టాలను తనే తుడిచేది. "సవతికి తలంటుతున్నావా అమ్మా?" అని మేం ఏడిపిస్తే, "ఏం చేస్తాం, పెద్దభార్య బతుకింతే. ఎప్పటికైనా నన్ను సాగనంపేది ఇదే," అనేది. మేం నవ్వేవాళ్ళం.

నాన్నకు ఒక నియమం ఉండేది. తూటాలు తీసినవాళ్ళ మాట ఒక్కటే చాలదు, చూసినవాళ్ళ మాట కూడా కావాలి. ఆయన ఇంటికి రాగానే తుపాకీని కీలు దగ్గర మధ్యకు విరిచి, రెండు తూటాలూ తీసి అరచేతిలో పెట్టుకుని, అమ్మ ముందు గొట్టాలు ఎత్తిపట్టి అడిగేవాడు: "ఖాళీయేనా?" అమ్మ ఎంత పనిలో ఉన్నా వచ్చి, ఒక కన్ను మూసి వెలుగువైపు చూసేది. గొట్టాల చివర రెండు గుండ్రటి వెలుగులు కనిపించాలి. "రెండు చందమామలూ ఉన్నాయి. ఖాళీయే," అనేది. అప్పుడు నాన్న తుపాకీని మళ్ళీ మూసి, లోపలి స్ప్రింగులు బిగుసుకుపోకుండా, మూల ఉన్న ఇసుక బకెట్ వైపు తిప్పి రెండు మీటలూ నొక్కేవాడు. టక్, టక్. మా ఇంట్లో ఉద్యోగం అయిపోయి సాయంత్రం మొదలయ్యేది ఆ చప్పుడుతోనే.

నాన్న పోయాక ఆ ఉద్యోగం ఇంట్లో ఎవరికైనా ఇస్తామన్నారు. ముందు అడిగింది నన్ను, పెద్దదాన్ని కనుక. నాకప్పటికే బడిలో ఉద్యోగం వచ్చింది. "నేను సుద్దముక్క తప్ప ఇంకేదీ పట్టలేను," అన్నాను. ఆ మాట గొప్పగా అన్నాననే అప్పట్లో అనుకున్నాను.  మర్నాడు చెల్లెలు వెళ్ళి దరఖాస్తు కాగితాలు తెచ్చుకుంది.

పదకొండేళ్ళు చేసింది. బ్యాంకుకు వచ్చేవాళ్ళు మొదట్లో దాన్ని చూసి నవ్వారు, తర్వాత పేరు పెట్టారు, తుపాకమ్మ అని. మొదట కోపం తెచ్చుకుంది, తర్వాత ఇష్టపడింది. "ఏం తుపాకమ్మా, అసలది పేలుతుందా?" అని ఒక పెద్దమనిషి రోజూ అడిగేవాడట. "పేలకుండా చూడటానికే నాకు జీతం. పేల్చడానికైతే మీలాంటి వాళ్ళు చాలు," అందట ఒకరోజు. ఆయన మళ్ళీ అడగలేదు. ఇంటికొచ్చి ఆ మాట చెప్పి, అమ్మా అదీ ఎంతసేపు నవ్వారో! నాన్న చేతిలో ఇరవై రెండేళ్ళు, దాని చేతిలో పదకొండేళ్ళు, బ్యాంకు మెట్ల మీద ఆ తుపాకీ ఒక్కసారి కూడా పేలలేదు.

పెళ్ళయ్యాక కూడా చెల్లెలు సాయంత్రం తుపాకీని మా ఇంట్లోనే దించి వెళ్ళేది, భర్త పోయాక ఏడాది పిల్లతో మా దగ్గరకే వచ్చేసింది. అప్పటికి అమ్మ చూపు తగ్గింది. చందమామలు తనకు కనబడటం లేదని ఒకరోజు అమ్మ తనే చెప్పింది. అప్పటినుంచి చూసే పని నాది.

ఈ నియమం ఎప్పుడు సడలిందో నేను తేదీ చెప్పలేను. చెల్లెలు అలసిపోయి వచ్చేది. కాళ్ళు కడుక్కుని రమ్మని దాన్ని పంపి, తూటాలు నేనే తీసి బిస్కెట్ల డబ్బాలో వేసేదాన్ని. అలా తీయడమూ నేనే, చూడటమూ నేనే అయింది. అది ఆదివారం తుడిచేటప్పుడు "ఖాళీయేనా?" అని అడిగేది, నేను ఉన్నచోటినుంచే "ఖాళీయే" అనేదాన్ని. ఎన్ని ఆదివారాలు అలా అనుంటానో! ప్రతిసారీ ఆ మాట నిజమే, ఎందుకంటే తీసింది నేనే.

ఆ శనివారం బడిలో తల్లిదండ్రుల సమావేశం ఉంది. వానలో చిక్కుకుని చీకటి పడుతుండగా వచ్చాను. చెల్లెలు అప్పటికే వచ్చి తుపాకీని గుడ్డ సంచిలో పెట్టి బీరువాలో ఉంచేసింది. రోజూలాగే అక్క వచ్చాక తీస్తుందిలే అని అదనుకుంది. నేను లేను కదా, అదే తీసుకుని ఉంటుంది అని నేననుకున్నాను. మధ్య గదిలో పైకప్పు కారుతుంటే అమ్మ మూలనున్న బకెట్‌లోని ఇసుకంతా పెరట్లో కుమ్మరించి ఆ బకెట్‌ను నీటిచుక్కల కింద పెట్టింది. ఇందులో ఏ ఒక్కటీ తప్పుపని కాదు.

ఆదివారం పొద్దున టిఫిను తింటూ చెల్లెలు అంది, "అక్కా, చిన్నదాని బడి బూట్లు బొటనవేలు దగ్గర చినిగాయి. బూట్ల కొట్టుకి వెళ్దాం, నీకు ఖాళీ అయ్యాక చెప్పు." సరే అన్నాను.

అందుకని పదకొండు దాటాక "ఖాళీయేనా?" అని వినబడగానే నేననుకున్నది బూట్ల గురించి. అది అడిగింది తుపాకీ గురించి.

ఇసుక బకెట్ మూల లేకపోయేసరికి అది తుపాకీని పెరటి తలుపు అడుగు భాగం వైపు తిప్పి మీట నొక్కింది. ఆ తలుపు పాతది, పలకలు పలచబడ్డాయి. అమ్మ మేడ దిగి పక్క సందులోంచి వచ్చి, వెలుతురు బాగుందని పెరటి మెట్టు మీద కూర్చుని చిన్నదాని గౌనుకు బొత్తాం కుడుతోంది. నేను వెళ్ళేసరికి చేతిలో సూది అలాగే ఉంది. దారం ఎక్కించి ఉంది. అమ్మ తనంతట తను సూదిలో దారం ఎక్కించి రెండేళ్ళయింది. ఎలా ఎక్కించిందో నాకిప్పటికీ తెలియదు.

చెల్లెల్ని ఆ సాయంత్రమే తీసుకెళ్ళారు. లైసెన్సు ఆయుధంతో ప్రాణం పోయింది కాబట్టి బెయిలుకు సమయం పడుతుందన్నారు. తుపాకీకి చీటీ కట్టి స్టేషన్ గదిలో గోడకు ఆనించారు. చీటీ మీద నాన్న పేరు, చెల్లెలి పేరు, ఒక నంబరు ఉన్నాయి. కంపెనీవాళ్ళు యూనిఫారం, బెల్టు వెనక్కి తీసుకుని రెండు వారాలకు ఒక ఉత్తరం పంపారు: "ఏర్పడిన ఖాళీని భర్తీ చేసుకున్నామని తెలియజేయుచున్నాము."

నేను స్టేషన్‌కు వెళ్ళింది అమ్మ పోయిన తొమ్మిదో రోజున. అక్కడ కాగితాలు రాసే రైటరు మర్యాదస్తుడు. వాళ్ళమ్మాయి నా దగ్గరే చదువుకుంది. కుర్చీ తనే తుడిచి కూర్చోమన్నాడు. జరిగినదంతా చెప్పాను. రాసుకుని పైకి చదివాడు: "సదరు తుపాకీ ఖాళీగా యున్నదని నేను నా చెల్లెలికి చెప్పియుంటిని."

"నేనలా చెప్పలేదండీ," అన్నాను.

"ఖాళీయే అన్నానన్నారు కదా టీచర్‌గారూ?"

"అన్నాను. తుపాకీ అనలేదు."

"మరి ఏది ఖాళీ?"

"నేను."

ఆయన కలం కింద పెట్టాడు. "అంటే, మీకు తీరిక ఉంది అని."

"అవునండీ."

"అప్పుడు మీరేం చేస్తున్నారు?"

"పేపర్లు దిద్దుతున్నాను."

"ఎన్ని మిగిలాయి?"

"ఇంకా పదిహేను."

"మరి ఖాళీ ఎక్కడుందండీ?"

వెటకారంగా అడగలేదు. నిజంగానే అర్థంకాక అడిగాడు.  చెల్లెలు పిలిస్తే నేనెప్పుడూ పని ఉందని అనలేదు. చిన్నప్పటినుంచీ అంతే, చేతిలో ఎంత పని ఉన్నా ఖాళీయే అంటాను. ఆ రోజూ అలాగే అన్నాను. తుపాకీలో తూటాలున్నాయి, నా ఒళ్ళో పేపర్లున్నాయి. ఆ మాట ఎటు తిప్పి చూసినా అబద్ధమే.

రైటరు గొంతు తగ్గించాడు. "ఇంకో సంగతి. మీ చెల్లెలుగారు మొదటిరోజే సంతకం పెట్టారు, ‘నేనెవరినీ అడగలేదు, నాకు నేనే చూసుకోకుండా నొక్కాను’ అని. ఇప్పుడు మీరిది ఇస్తే ఇద్దరిలో ఒకరిది అబద్ధమవుతుంది. ఎవరిది అబద్ధమని రాయమంటారు?"

కాగితం ఇంటికి తీసుకెళ్ళి ఆలోచించుకుంటానన్నాను. తీసుకెళ్ళడానికి వీల్లేదు గానీ, మళ్ళీ వచ్చినప్పుడు కొత్తది రాద్దాం అన్నాడు.

చెల్లెల్ని చూడటానికి జైలుకు వెళ్ళినప్పుడు గేటు దగ్గర కంపెనీవాళ్ళు పెట్టిన ఒక ఆడగార్డు ఉంది, భుజాన సొంత తుపాకీతో. నా చీటీ చూసి, "మీరు తుపాకమ్మ అక్కగారా?" అంది. తనూ చెల్లెలూ ఒకే బ్యాచిలో శిక్షణ తీసుకున్నారట. పరుగులో తను వెనకబడితే చెల్లెలు ఆగి, "నువ్వు తుపాకీని మొయ్యట్లేదే, అదే నిన్ను మోస్తోంది," అని ఏడిపించిందట. చెబుతూ నవ్వింది, మధ్యలో ఆపేసింది. "మా ఇంట్లో మా అత్తగారు తీస్తుంది టీచర్‌గారూ తూటాలు. రెండోసారి ఎవరం చూస్తాం? ఆ కబురు విన్న రోజునుంచి నేనే చూసుకుంటున్నాను," అని తాళం తీసింది.

జాలీ అవతల చెల్లెలు కూర్చుని ఉంది. చిక్కింది. నన్ను చూడగానే, "చూశావా అక్కా, ఇన్నాళ్ళూ తుపాకీకి నేను కాపలా, ఇప్పుడు తుపాకీ నాకు కాపలా," అంది. ఇద్దరమూ నవ్వలేదు.

"నువ్వు అడిగావని చెబుతాను," అన్నాను.

"ఎవర్ని అడిగానని?"

"నన్ను."

"గోడని అడిగాననుకో. గోడ ఖాళీయే అందనుకో. గోడ మీద కేసు పెడతారా?" తర్వాత మెల్లగా అంది, "నాన్న ఏం చెప్పాడు? తీసినవాళ్ళ మాట, చూసినవాళ్ళ మాట. మీట నొక్కేముందు విరిచి చూడాలి. చూశానా? చూడలేదు. ఇంక నీ నోటిమాటతో పనేంటి?"

"మరి నన్నెందుకు అడిగావే?"

జాలీ తీగను గోటితో గీరింది. "అలవాటుగా," అంది.

"నేనూ అలవాటుగానే చెప్పాను."

"అయితే ఇంకేం, సరిపోయింది." కొంగుతో ముక్కు తుడుచుకుంది. "చిన్నదానికి జడ ఎవరు వేస్తున్నారు?"

"నేనే."

"బిగించి వెయ్యకు. దానికి తలనొప్పి వస్తుంది, నీకు చెప్పదు. నువ్వంటే భయం దానికి." జాలీ దగ్గరకు జరిగి, "ఇద్దరం వచ్చి ఇక్కడ కూర్చుంటే దానికి జడ ఎవరేస్తారక్కా? పక్కింటావిడా?" అంది.

నేను చేతిలోని చీటీని నాలుగు మడతలు పెట్టాను.

"బూట్లు కొన్నావా?"

"లేదు."

"కొను మరి," అంది. టైము అయిపోయిందని గంట కొట్టారు. లేస్తూ వెనక్కి తిరిగి, "సూదిలో దారం నేనెక్కించి ఇవ్వలేదక్కా. నువ్విచ్చావా?" అని అడిగింది.

"లేదే."

"మరెవరు?" అంది. దాన్ని లోపలికి తీసుకెళ్ళారు.

వకీలు దగ్గరకు వెళ్ళాను. ఆయన కాగితాలు తిరగేస్తూ చెప్పాడు. "ఆవిడ అడిగింది, మీరు చెప్పారు అంటే ఆవిడ నిర్లక్ష్యం కొంత తగ్గుతుంది. ఆ తగ్గినది గాల్లో కలిసిపోదమ్మా, మీ మీదకి వస్తుంది. మీ ఉద్యోగం సంగతి చెప్పలేను. అదీ నమ్మితే. చెల్లెల్ని తప్పించడానికి అక్క అల్లిన కథ అనొచ్చు, ఎందుకంటే ఆవిడ ముందే వేరేగా చెప్పేసింది. పైగా ఆ మాట విన్న మూడో మనిషి లేరు."

"ఒకరున్నారండీ," అన్నాను.

"ఎవరు?"

"అమ్మ. తలుపుకి ఆ పక్కనే ఉంది. వినే ఉంటుంది."

వకీలు కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టాడు. ఆ తర్వాతే నాకు తట్టింది. అమ్మ ముప్ఫై మూడేళ్ళు ఆ ప్రశ్న విన్నది. దాని తర్వాత టక్, టక్ అని వినిపిస్తుందని తెలుసు. నా "ఖాళీయే" విని నిశ్చింతగా కూర్చునే ఉంటుంది. ఆ మాట నేను అనకపోతే లేచేదేమో. మా మాట మీద నమ్మకంతోనే అమ్మ ఆ మెట్టు మీద కూర్చుందన్నది చెల్లెలికీ తెలియని సంగతి కాదు. జాలీ అవతల అదీ ఈ లెక్క వేసుకునే ఉంటుంది. అందుకే సూది సంగతి అడిగింది, దారం ఎక్కించి ఇచ్చిన మనిషికి అమ్మ ఎక్కడ కూర్చోబోతోందో తెలిసే ఉండాలి కనుక.

బడికి వెళుతున్నాను. ఈ నెల ఏడో తరగతికి నానార్థాలు చెప్పాలి. ఒకే పదానికి ఉండే వేరువేరు అర్థాలు. పద్దెనిమిదేళ్ళుగా చెబుతున్న పాఠమే, పిల్లలకు ఇష్టమైన పాఠం. ఆ పేజీలు వదిలేసి తర్వాతి పద్యానికి వెళ్ళాను. ముందు బెంచీలో పిల్ల లేచి, "టీచర్, ఈ పాఠం ఇంకా చెప్పలేదు," అంది. చెబుతానన్నాను.

ఇంట్లో ఇసుక బకెట్ ఇంకా కారే చోటనే ఉంది. ఇసుక పెరట్లో కుప్పగా ఉంది, దాని మీద వాన చుక్కల గుంటలు అలాగే ఉన్నాయి. పెరటి తలుపుకు అడుగున అట్టముక్క కొట్టించాను. మిషన్ నూనె సీసా మాత్రం ఎక్కడ పెట్టాలో తెలియక కిటికీలోనే ఉంచాను.

కాగితం మీద నేనే రాయడం మొదలుపెట్టాను, రైటరు భాష వద్దని. "ఖాళీయేనా అని నా చెల్లెలు అడిగింది" అని రాశాను. కొట్టేశాను. "నా చెల్లెలు ఏదో అంది, నాకు సరిగా వినబడలేదు" అని రాశాను. అదైతే ఎవరిదీ అబద్ధం కాకుండా పోతుంది. కానీ నాకు సరిగానే వినబడింది. పిల్లల పేపర్లలో ఇలాంటి వాక్యం కింద నేనైతే ఎర్ర గీత గీస్తాను. అదీ కొట్టేశాను. ఒక పేజీ నిండా కొట్టివేతలే.

నిన్న పొద్దున దువ్వెన పట్టుకుని చెల్లెలి కూతురు వచ్చి గుమ్మం దగ్గర నిలబడింది. వేళ్ళు బయటికి కనబడుతున్న బూట్లు వేసుకుని ఉంది. నా ముందు కాగితాలు చూసి లోపలికి రాలేదు.

"పెద్దమ్మా, ఖాళీయేనా?" అంది.

ముందున్న కాగితాలు బోర్లా తిప్పేశాను. అది చూసి, నేను విసుక్కున్నాననుకుని వెళ్ళిపోబోయింది. లేచి వెళ్ళి చెయ్యి పట్టుకుని తీసుకొచ్చి ముందు కూర్చోబెట్టుకున్నాను. వదులుగా వేశాను జడ. నొప్పిగా ఉందా అని అడిగితే, లేదు అంది. నిజంగానే లేదో, భయపడి అందో తెలుసుకునే దారి నాకు లేదు.

చెల్లెలి కేసు వాయిదా పదిహేడో తారీఖున. ఈ రోజు పద్నాలుగు. స్టేషన్‌లో ఇవ్వవలసిన వాంగ్మూలం మీద నేనింకా సంతకం పెట్టలేదు.